జెర్సీ విప్పేది లేదు

“ఆ కుర్చీలో కూర్చోకు,” అన్నాడు హోల్గర్, రొట్టె కోస్తూ, తలెత్తకుండానే.

మరైకె చెయ్యి కుర్చీ వీపు మీదే ఆగిపోయింది. మా వంటింట్లో ఉన్నవి నాలుగు కుర్చీలు. నాకొకటి, మా ఆయనకొకటి, మా అత్తగారు ఇర్మ్‌గార్డ్‌కి ఒకటి. కిటికీ పక్కనున్న నాలుగోది ఒకప్పుడు మా మామగారిది. ఆయన పోయాక మా ఒక్కగానొక్క కూతురు మరైకెదైంది. ఆదివారం పొద్దున అందరం కలిసి తినేటప్పుడు అది ఆ కుర్చీలో తప్ప ఇంకెక్కడా కూర్చోదు.

“మరి ఎక్కడ కూర్చోమంటావ్ నాన్నా?” అంది. గొంతు బొంగురుపోయి ఉంది.

“కంచెక్కి కూర్చో. నిన్న బాగానే కూర్చున్నావుగా.”

“హోల్గర్!” అన్నాను.

“నువ్వూరుకో ఆంకె.”

ఊరుకోవడానికి నాకు మాత్రం ఎంతకని ఓపికుంటుంది? నిన్న సాయంత్రం నుంచీ ఊరుకునే ఉన్నాను. ఆయన గోడవైపు తిరిగి పడుకుంటే నేను తలుపువైపు తిరిగి పడుకున్నాను. పొద్దున ఏమీ జరగనట్టు రొట్టెలు తెచ్చి, వాటి మీద రాసుకునే పచ్చి ఖీమాలో ఉల్లిపాయ తరిగి కలిపి బల్ల మీద పెట్టాను. ఒక్కరూ ముట్టుకోలేదు.

నిన్న ఫుట్‌బాల్ ఆటలో ష్టైన్‌లో అనే పక్క ఊరి జట్టు చేతిలో ఓడిపోయాం. మామూలుగా కాదు, చిత్తుగా. మా హెర్డెన్‌బెక్‌కీ ఆ ఊరికీ మధ్య ఉన్నది ఒక్క కాలువ. ఆ ఊరివాళ్లు పెళ్లికొస్తే వేరే బల్ల దగ్గర కూర్చోబెడతాం. అలాంటి వాళ్ల చేతిలో, మా సొంత మైదానంలో, మా ఆయన కోచ్‌గా ఉన్న జట్టు ఓడిపోయింది.

ఓడితే ఓడాం. ఆట అన్నాక ఎవరో ఒకరు ఓడాలి. అసలు గొడవ ఆ తర్వాత వచ్చింది.

ఆటయ్యాక కుర్రాళ్లు ఉత్తర గ్యాలరీ దగ్గరికి వెళ్లి, అక్కడ నిలబడి గొంతులు పగిలేలా పాడిన మనవాళ్లకు చప్పట్లు కొట్టి రావాలి. గెలిచినా ఓడినా ఇది తప్పదు. నిన్న వాళ్లు అలా తలలు వేలాడేసుకుని వెళ్లేసరికి కంచె మీంచి మెగాఫోన్‌లో కేక వినపడింది: “జెర్సీలు విప్పండి! అవి వేసుకునే అర్హత మీకు లేదు!”

మా దగ్గర ఒక ఆటగాడికి ఇంతకంటే పెద్ద అవమానం లేదు. విప్పి కంచె దగ్గర పెట్టి, ఒంటిమీద చొక్కా లేకుండా, ఊరంతా చూస్తుండగా మైదానం దాటి నడిచి వెళ్లాలి. కెప్టెన్ కెనాన్ నిండా ఇరవై ఏళ్లు లేనివాడు. వాళ్లమ్మ నాతోపాటు ట్రామ్ నడుపుతుంది. వాడు ఏడుస్తూ జెర్సీ మెడదాకా లాక్కున్నాడు. అప్పుడు హోల్గర్ ఆ పాడైపోయిన మోకాలితోనే కుంటుకుంటూ పరిగెత్తుకెళ్లి, బడికెళ్లే పిల్లాడికి సర్దినట్టు ఆ జెర్సీని కిందికి లాగి సర్ది, కంచెకేసి తిరిగి అన్నాడు: “విప్పేది లేదు. ఎవడూ ఏమీ విప్పడు.”

కంచె మీద మెగాఫోన్ పట్టుకున్నది మా మరైకె.

“కూర్చోవే తల్లీ,” అన్నారు అత్తగారు, పొయ్యి దగ్గర్నుంచి. ప్రతి ఆటకీ మర్నాడు మనవరాలి గొంతు కోసం పాలలో తేనె కలిపి వేడి చేసివ్వడం ఆవిడ అలవాటు. ఇంట్లో ఇంత రగులుతున్నా ఆ పాలు మాత్రం ఆగలేదు. “వాడు చెప్పేదేంటి? ఇల్లు నాది.”

“నువ్వు మధ్యలోకి రాకమ్మా,” అన్నాడు హోల్గర్.

“వస్తా. నా వంటింట్లో నేను ఎటైనా వస్తా.”

మరైకె కూర్చోలేదు. చేతులు కట్టుకుని ఫ్రిజ్‌కి ఆనుకుని నిలబడింది. అది నిలబడే తీరు అచ్చం వాళ్ల నాన్నదే.

“నేనేం తప్పు చేశాను? చెప్పు,” అంది. “వానలో తడుస్తూ ఊళ్లన్నీ తిరిగి మేం పాడతాం. సెలవులన్నీ దానికే పోతాయి. వాళ్లు నిన్న ఆడారా అసలు? పార్కులో షికారుకొచ్చినట్టు తిరిగారు. ఆ జెర్సీ వాళ్లది కాదు నాన్నా. మనది. ఊరిది.”

“ఊరిదైతే ఊరు వేసుకుని ఆడమను.”

“ఏదో ఒకటి అనేసి తప్పించుకోకు.”

“తప్పించుకోవడమా?” హోల్గర్ కత్తి కింద పెట్టాడు. “అందరి ముందూ నిలబడి విప్పేది లేదు అన్నవాణ్ణి నేను. గుంపులో నిలబడి అరిచింది నువ్వు. ఇద్దరిలో ఎవరు తప్పించుకున్నట్టు?”

“నేను గుంపులో లేను. గుంపు ముందున్నా.”

“గొప్ప పని చేశావ్!”

గొంతులు లేచాయి. ఆదివారం కదా, మా వీధిలో ఆదివారం సుత్తి చప్పుడు వినపడితేనే ఎదురింటి ప్లాష్కె గారు కిటికీలోంచి కేకేస్తారు. అలాంటిది ఇంత రచ్చ జరుగుతుంటే, మా అత్తగారు ఎప్పటిలాగే వెళ్లి కిటికీ బార్లా తెరిచారు. గదిలో గాలి మారాలిట. చావైనా పెళ్లైనా ఆవిడకి గాలి మారాల్సిందే. ఎదురుగా ప్లాష్కె గారి తెర కదిలింది.

“వినండి, అందరూ వినండి,” అన్నాడు హోల్గర్ కిటికీకేసి.

నాకు చిర్రెత్తుకొచ్చింది. “సిగ్గుగా లేదూ మీ ఇద్దరికీ? రేపు పొద్దున ట్రామెక్కే ప్రతివాడూ నా మొహం చూసి నవ్వుతాడు. మరైకె, నువ్వు మీ నాన్నకి క్షమాపణ చెప్పు. హోల్గర్, నువ్వు గ్యాలరీ వాళ్లకి చెప్పు. ఇంతటితో వదిలేద్దాం.”

“నేనా? వాళ్లకా?”

“అవును, నువ్వే. ఈ ఉద్యోగం కోసం ఎన్ని ఊళ్లు తిరిగావో మర్చిపోయావా?”

మర్చిపోలేదని నాకు తెలుసు. మోకాలు విరిగి ఆట మానేశాక, ఎవరూ పిలవని రోజుల్లో, పల్లెల్లో ఆడపిల్లల జట్టుకి బురదలో ఆట నేర్పాడు. ఒక ఊళ్లో పైమెట్టు లీగుకి తీసుకెళ్తే మరుసటేడు సాగనంపారు. ఇంకో ఊళ్లో క్రిస్మస్‌కి ముందు సాగనంపారు. ప్రతిసారీ చేతికొక పూలగుత్తి ఇచ్చి, ఫొటో తీసి పంపించారు. ఆ పూలన్నీ మా అత్తగారు మామగారి సమాధి మీద పెట్టేవారు. చిట్టచివరికి సొంత ఊరు పిలిచింది. చిన్నప్పుడు ఏ మైదానంలో బంతి అందించేవాడో, ఏ జట్టుకి కెప్టెన్‌గా ఆడాడో, ఆ మైదానమే, ఆ జట్టే. ఇప్పుడది పోతే ఈ వయసులో ఇంకెక్కడా దొరకదు.

“అమ్మ చెప్పేదాన్లో ఏం తప్పుంది?” అంది మరైకె. గొంతు కాస్త మెత్తబడింది. “నాన్నా, నువ్వే కదా చూపించావ్ దారి. నేను కొత్తగా కనిపెట్టానా? నువ్వు కెప్టెన్‌గా ఉండి, జట్టు లీగులోంచి కిందికి పడిపోయిన రోజు, నువ్వే నీ జెర్సీ విప్పి ఇచ్చావ్. తలెత్తుకుని. నీ నాలుగో నంబరు జెర్సీ లాంతరు పబ్బులో గోడకి ఉంది. ఆటకెళ్లే ముందు అందరం దాన్ని ముట్టుకుని వెళ్తాం. నేను చిన్నప్పట్నుంచీ అదే చూసి పెరిగా. నిన్న నేనడిగింది అదే. నువ్వు చేసినంత మగాడి పని మీవాళ్లని కూడా చెయ్యమన్నా.”



హోల్గర్ మొహం పాలిపోయింది. నేను ఆయన్ని పెళ్లి చేసుకున్నది ఆ ఏడాదే. ఆ జెర్సీ సంగతి మా ఇంట్లో ఎవరమూ ఎత్తం. మా పిల్లకి ఎవరమూ చెప్పలేదు. మేం చెప్పకపోతే ఊరు చెప్పింది, తనకి నచ్చినట్టు.

“తలెత్తుకునా?” అన్నాడు హోల్గర్ మెల్లగా. “ఎవరు చెప్పారు నీకు?”

“అందరూ. టోర్బెన్, వాళ్ల నాన్న, పబ్బులో అందరూ.”

టోర్బెన్ అంటే గ్యాలరీకి పెద్ద. వాడు ఊ అంటే పాట మొదలవుతుంది, ఊహూ అంటే ఆగిపోతుంది.

“చెప్పరా హోల్గర్,” అన్నారు అత్తగారు, పాలు కలియబెడుతూ. “చెప్తావా, నన్ను చెప్పమంటావా?”

అత్తగారు వంటగుడ్డతో చేతులు తుడుచుకుని మనవరాలి వైపు తిరిగారు.

“మీ నాన్న ఇవ్వలేదే. ఇవ్వనని ఏడ్చాడు. మీ తాత కంచె మీదున్నాడు ఆ రోజు, అందరికంటే ముందు. గనిలో మేస్త్రీగా ఉన్నప్పుడు కూలీల మీద ఎలా అరిచేవాడో అలాగే అరిచాడు. ‘విప్పరా’ అన్నాడు. కన్నకొడుకుని. వీడు విప్పాడు. అందుకున్న చెయ్యి మీ తాతదే. దాన్ని పబ్బు గోడకి మేకులతో కొట్టింది కూడా ఆయనే.”

ఫ్రిజ్‌కి ఆనుకున్న మరైకె నిటారుగా నిలబడింది.

“మే నెలాఖరు. చినుకులు పడుతున్నాయి,” అన్నాడు హోల్గర్. గొంతులో కోపం లేదు, అదే నన్ను భయపెట్టింది. “చొక్కా లేకుండా నడిచి లోపలికెళ్లా. ఇంటికొచ్చా. మా నాన్న ఆ కుర్చీలో కూర్చుని సూపు తాగుతున్నాడు. ఉప్పు అందించమన్నాడు. అందించా. ఆయన పోయేదాకా ఆ విషయం మేం మాట్లాడుకోలేదు. రోజూ ఉప్పు మాత్రం అందించుకున్నాం.”

“ఇద్దరికీ నేనే వడ్డించా,” అన్నారు అత్తగారు. “మాట్లాడుకోండ్రా అని ఒక్కసారి కూడా అనలేదు. నా నోరు పడిపోయింది.”

మరైకె మా ముగ్గురి మొహాలూ ఒక్కొక్కటిగా చూసింది.

“మరి నాకెందుకు చెప్పలేదు?” అని అరిచింది. “ఒక్కరైనా! నన్ను ఆ గోడ ముట్టుకోనిచ్చారు కదా! నేను నా స్నేహితులకి గొప్పగా చెప్పుకుంటుంటే వింటూ కూర్చున్నారు కదా!”

అది పాలు ముట్టుకోకుండా మెట్లెక్కి పైకి వెళ్లిపోయింది. అటక గది తలుపు దభాలున పడింది. ప్లాష్కె గారి తెర మళ్లీ కదిలింది.

*

మధ్యాహ్నం కాఫీ వేళకి క్లబ్బు అధ్యక్షుడు ఓస్టర్‌కాంప్ వచ్చాడు. ఊళ్లో పళ్ల డాక్టరు. ఎవరితో మాట్లాడినా వాళ్ల పళ్లకేసే చూస్తాడు. ఒక చేతిలో బజారులో కొన్న కేకు, రెండో చేతిలో పూలగుత్తి.

మా ఇంట్లో పూలగుత్తి అంటే చావు కబురే.

మా అత్తగారు ఆయన తెచ్చిన కేకు డబ్బా అందుకుని, మూత కూడా తియ్యకుండా బాల్కనీలో పెట్టేశారు. తాను చేసిన ఆల్‌బకరా కేకు తెచ్చి బల్ల మీద పెట్టారు. “మా ఇంట్లో ఆదివారం ఇంట్లో చేసిందే తింటాం,” అన్నారు.

“అద్భుతం, అద్భుతం,” అన్నాడాయన కూర్చుంటూ. “హోల్గర్, ఒక్క మాట ముందే చెప్పనీ. మేమంతా పూర్తిగా నీ వెనకే ఉన్నాం.”

అత్తగారు చెంచా కింద పెట్టేశారు. ఫుట్‌బాల్ తెలిసిన ఏ ఇంట్లోనైనా ఆ మాటకి అర్థం ఒకటే. అధ్యక్షుడు నీ వెనకున్నానన్నాడంటే, తలుపుదాకా తోసుకెళ్లడానికే.

“సంగతి చెప్పండి,” అన్నాడు హోల్గర్.

“పెద్దదేం లేదు. మంగళవారం ప్రాక్టీసుకి గ్యాలరీ వాళ్లు వస్తారు. నువ్వు కంచె దగ్గరికెళ్లు. నిన్న ఆవేశంలో అలా అన్నానను. నీ క్లబ్బు కోటు విప్పి వాళ్ల చేతిలో పెట్టు. అయిపోయింది. కోట్లకేం కొదవ? నేను కొత్తది తెప్పిస్తా.”

“ఇవ్వకపోతే?”

“ఇవ్వకపోతే…” కేకులోంచి గింజ తీసి పళ్లెం అంచున పెట్టాడు. “గ్యాలరీ వద్దన్న కోచ్‌ని నేనెలా ఉంచుకోను చెప్పు? నా చేతుల్లో ఏముంది?”

నేను బల్ల కింద హోల్గర్ చెయ్యి పట్టుకున్నాను. “ఒక్క కోటే కదా,” అన్నాను, ఆయనకి మాత్రమే వినపడేట్టు. “ఇచ్చెయ్యి. నా కోసం.”

ఆయన నాకేసి చూశాడు. పెళ్లైన ఇన్నేళ్లలో అలా ఎప్పుడూ చూడలేదు. దగ్గరి మనిషి దూరంగా జరిగిపోతుంటే ఎలా చూస్తామో అలా చూశాడు. చెయ్యి వదిలేశాను.

“ఇవ్వను,” అన్నాడు ఓస్టర్‌కాంప్‌తో. “కోటు నాది కాబట్టి కాదు. నేను ఇస్తే, ఆ తర్వాత కెనాన్ ఇవ్వాలి. వాడు ఇస్తే వాడి తర్వాత వచ్చేవాడు ఇవ్వాలి. ఇది నాతో ఆగాలి.”

“తొందరపడకు. మన అమ్మాయి మాట విందాం.” ఓస్టర్‌కాంప్ మెట్లకేసి తిరిగి కేకేశాడు. “మరైకె! ఒకసారి కిందికి రామ్మా!”

అది వచ్చింది. కళ్లు వాచి ఉన్నాయి. మెట్టు మీదే నిలబడింది.

“రా, రా. మీ నాన్నకి చెప్పు. మంగళవారం ఆయన కోటు ఇస్తాడు, నువ్వు అందుకుంటావు. తండ్రి ఇస్తుంటే కూతురు అందుకోవడం! పేపర్లో ఆ ఫొటో చూసి ఊరంతా కన్నీళ్లు పెట్టుకుంటుంది. రెండు వర్గాలకీ మర్యాదగా ఉంటుంది.”

“నేనందుకుంటానని మీకెవరు చెప్పారు?”

“టోర్బెన్ చెప్పాడుగా. శుక్రవారం మా క్లినిక్‌కి వచ్చినప్పుడు అన్నీ అనుకున్నాంగా. ముందు జెర్సీలు, తర్వాత…”

“శుక్రవారమా?” అంది మరైకె.

ఓస్టర్‌కాంప్ నోట్లో కేకు ముక్క నమలడం ఆగింది.

“ఆట శనివారం కదండీ,” అంది మరైకె. “శుక్రవారానికి మేం ఇంకా ఓడనే లేదు.”

“ఓడితే, ఓడితే అనుకున్నాం. పెద్దవాళ్లన్నాక అన్నిటికీ సిద్ధంగా ఉండాలమ్మా.”

“టోర్బెన్ నాకు ఆట మొదలయ్యే ముందు చెప్పాడు. ఈసారి ఓడితే జెర్సీలడుగుదాం, మీ నాన్నలాగా గొప్పగా ఉంటుంది, మెగాఫోన్‌లో నువ్వే అను అన్నాడు.” ఒక్కొక్క మాటా తనలో తనే చెప్పుకుంటున్నట్టు చెప్పింది. “మీరు మా నాన్నని తీసెయ్యాలనుకున్నారు. ఊరి మనిషిని తీసేస్తే గ్యాలరీ ఒప్పుకోదు. అందుకని గ్యాలరీ చేతే అడిగించారు. నా నోటితో అడిగించారు.”

“అలా అనకూడదు. క్లబ్బు మేలు కోసం ఒక పేరున్న కోచ్‌తో మాట్లాడుతున్న మాట నిజమే కానీ…”

“లేవండి,” అన్నారు మా అత్తగారు.

“ఏంటండీ?”

“కేకు అయిపోయింది. లేవండి.”

సగం కేకు బల్ల మీదే ఉంది. ఆయన లేచాడు. పూలగుత్తి మాత్రం వదిలేసి వెళ్లబోతుంటే మా అత్తగారు అది తీసి ఆయన చంకలో పెట్టారు. “మా ఆయన సమాధి మీద ఇక చోటు లేదు,” అన్నారు.

తలుపు మూసుకునేసరికి మరైకె కోటు వేసుకుంటోంది.

“ఎక్కడికే?” అన్నాను.

చెప్పలేదు. అది వీధిలోకి వెళ్లిపోయింది.

*

మా ఇంట్లో ఆదివారం సాయంత్రం పొయ్యి వెలిగించం. రొట్టె, జున్ను, చల్లటి మాంసం ముక్కలు, ఊరేసిన దోసకాయలు. అన్నీ పరిచాను. కిటికీ పక్క కుర్చీ ముందు పళ్లెం పెట్టాలా వద్దా అని ఆలోచిస్తూ నిలబడితే, హోల్గరే లేచి అలమారలోంచి పళ్లెం తెచ్చి అక్కడ పెట్టాడు. కోటు ఇచ్చెయ్యమన్నాక ఆయన నాతో మాట్లాడనే లేదు.

“హోల్గర్, నేను భయపడ్డాను,” అన్నాను.

“తెలుసు.”

“ఉద్యోగం పోతుందని కాదు. ఆ రోజు నువ్వెలా ఇంటికొచ్చావో నేను చూశా. మళ్లీ అలా చూడలేను. ఇచ్చేస్తే తొందరగా అయిపోతుందనుకున్నా.”

“అప్పుడూ అదే అనుకున్నా ఆంకె. అయిపోలేదు.”

వీధి తలుపు తెరుచుకుంది. మరైకె లోపలికొచ్చింది. పరిగెత్తుకొచ్చినట్టుంది, రొప్పుతోంది. వేళ్ల కొసల నిండా రక్తం. కోటు లోపల్నుంచి ఏదో తీసి బల్ల మీద, జున్ను పళ్లెం పక్కన పెట్టింది.

ఆకుపచ్చ, నలుపు. పొగకి పసుపెక్కిపోయిన నాలుగో నంబరు. రెండు భుజాల దగ్గరా మేకుల తుప్పు మరకలు.

“మేకులు ఊరికే రాలేదు. చేత్తో పీకా,” అంది.

హోల్గర్ దాన్ని ముట్టుకోలేదు.

“ఎవర్నడిగి తెచ్చావ్?”

“తాత నిన్నడిగి కొట్టాడా?”

ముందు నవ్వింది మా అత్తగారు. చాలా కాలానికి ఆవిడ గట్టిగా నవ్వడం విన్నాను. నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నారు.

“టోర్బెన్‌తో పబ్బులోనే తేల్చుకున్నా,” అంది మరైకె. “అందరి ముందూ చెప్పా. శుక్రవారం సంగతి చెప్పా. కొందరు నమ్మారు. కొందరు నన్ను అమ్ముడుపోయావన్నారు. మెగాఫోన్ లాక్కున్నారు. ఇక నాకు గ్యాలరీ లేదు నాన్నా.” అప్పటిదాకా నిలబెట్టుకున్న గొంతు అక్కడ విరిగింది. “నిన్న నీ మీద అరిచింది నేనే. ఎవరో చెప్పినా, నోరు నాదే. నన్ను క్షమించు.”

హోల్గర్ కిటికీ పక్కనున్న కుర్చీని వెనక్కి లాగాడు.

“కూర్చో,” అన్నాడు. “చేతులు కడుక్కుని కూర్చో. అమ్మా, దానికి పాలు పెట్టు.”

“పొద్దున్నించీ పొయ్యి మీదే ఉన్నాయి,” అన్నారు అత్తగారు.

అది కూర్చుంది. హోల్గర్ దాని ఎదురుగా కూర్చుని ఉప్పు డబ్బా దాని పళ్లెం దగ్గరికి జరిపాడు. “మనం మాట్లాడుకుంటూ తిందాం,” అన్నాడు. అది ఏడుస్తూ తలూపింది.

రెండు ముద్దలు తిన్నామో లేదో, వీధిలో చాలామంది బూట్ల చప్పుడు వినిపించింది. ఆ తర్వాత గంట మోగింది. ఒకసారి కాదు, వేలు తియ్యకుండా మోగించారు.

కిటికీలోంచి చూశాను. టోర్బెన్ మా గేటు దాటి మెట్ల దగ్గర నిలబడి ఉన్నాడు. వెనక వీధి నిండా ఆకుపచ్చ స్కార్ఫులు. వాళ్లలో నా ట్రామెక్కేవాళ్లు, నేను పేరు పెట్టి పలకరించేవాళ్లు ఉన్నారు. ఎదురింట్లో ప్లాష్కె గారు ఈసారి తెర చాటున దాక్కోలేదు. కిటికీ రెండు తలుపులూ తెరిచి మోచేతులానించి నిలబడ్డారు.

“నేను వెళ్తా,” అంది మరైకె లేస్తూ.

“కూర్చుని తిను,” అన్నాడు హోల్గర్.

బల్ల మీది జెర్సీ తీసుకున్నాడు. స్వెట్టర్ విప్పేసి దాన్ని తల మీంచి వేసుకున్నాడు. పొట్ట దగ్గర ఇరుక్కుంది. మా అత్తగారు కుర్చీలోంచి లేచి, వెనకాల పైకి మడిచుకుపోయిన అంచుని పట్టుకుని కిందికి లాగి సర్దారు. కన్నకొడుకు వీపు మీద ఒక్క క్షణం అరచెయ్యి ఉంచి తీశారు.

ఆయన తలుపు తెరిచాడు. నేను ఆయన పక్కన నిలబడ్డాను.

వీధిలో మాటలు ఆగిపోయాయి. ఆ జెర్సీని గోడ మీద చూసినవాళ్లే అందరూ. మనిషి ఒంటి మీద చూసినవాళ్లు తక్కువ.

“కోచ్, మీతో మాకు గొడవ వద్దు,” అన్నాడు టోర్బెన్. “అది గ్యాలరీ జెర్సీ. మీరు గ్యాలరీకిచ్చింది. విప్పి ఇచ్చెయ్యండి, వెళ్లిపోతాం. లేదంటే మంగళవారం మైదానంలోకి మిమ్మల్ని అడుగు పెట్టనివ్వం.”

“విప్పండి!” అన్నారు వెనక నుంచి ఎవరో. ఇంకెవరో అందుకున్నారు. అంతలో వీధంతా ఒకే గొంతైంది. “విప్పండి! విప్పండి!”

హోల్గర్ గొంతు సవరించుకున్నాడు. ఆయన కంటే ముందు ఎవరిదో కేక వీధిని కోసుకుంటూ వెళ్లింది. అది నా గొంతేనని తెలియడానికి నాకే కాస్త టైము పట్టింది.

“విప్పేది లేదు!”

అరుపులు ఆగాయి. గుంపులో కొన్ని తలలు వంగాయి. అందరివీ కాదు.

టోర్బెన్ నాకేసి చూసి నవ్వి, మా మొదటి మెట్టు మీద కాలు పెట్టాడు.

హోల్గర్ ఒక మెట్టు కిందికి దిగాడు.